బాలమణి గొంతు

అద్దం ముందు కూర్చుని బాలమణి పెదవులు కదుపుతోంది. గొంతు మాత్రం బయటికి రావడం లేదు. కనుబొమలు ముడిపడ్డాయి, విడిపోయాయి. కింది పెదవి ఒకచోట సన్నగా వణికి మళ్ళీ సర్దుకుంది. తెలియనివాళ్ళు చూస్తే ఈవిడ అద్దంలోని మనిషితో గొడవపడుతోందనుకుంటారు. నిజానికి పాఠం వల్లెవేసుకుంటోంది. షూటింగు ఉన్న ప్రతి పొద్దుటా ఆమెకిదే అలవాటు. మాటలన్నీ చప్పుడు లేకుండా పెదవులతోనే కంఠస్థం చేస్తుంది. ఇన్నేళ్ళ సినిమా బతుకులో చప్పుడుతో ఆమెకు పని పడలేదు.

చాయ్ గ్లాసుతో వచ్చిన సరిత గుమ్మంలోనే నిలబడి చూసింది. సరిత బాలమణి చెల్లెలి కూతురు, వనపర్తి కాలేజీలో పాఠాలు చెబుతుంది. భర్త పోయి హైదరాబాదులో ఒంటరిదైపోయిన పెద్దమ్మను పట్టుబట్టి తన ఇంటికి తెచ్చుకుంది.

"ఇయ్యాల పెదవులతోని కాదు పెద్దమ్మా, నోటితోనే చెప్పాలన్నరు గదా. జర పైకి అనుకో."

"అవు గదా!" బాలమణి నవ్వి గ్లాసు అందుకుంది. "నాకొక నోరున్నదన్న సంగతే మరిసిన సూడు."

సంచిలో చీరలు సర్దుకోవడం అప్పటికే అయిపోయింది. వెలిసిన నేతచీర ఒకటి, ముతక తెల్లచీర ఒకటి, మంచిది ఒకటి. పిలిచినవాళ్ళు ఏ వేషమడిగినా తన దగ్గర చీర లేదనిపించుకోవడం ఆమెకు ఇష్టముండదు. గుండ్రటి ముఖం, చామనఛాయ, గడ్డం కింద చిన్న మచ్చ. ఒకసారి చూసి మరిచిపోయేలాంటి మనిషి. అదే ఆమెకు అన్నం పెట్టింది. బొట్టు పెడితే జమీందారిణి, తీస్తే దిక్కులేని విధవ. కళ్ళజోడు పెడితే జడ్జి, కొంగు నడుముకు చుడితే పాలమ్ముకునే మనిషి. టీవీలో పురాణాలు నడిచిన కాలంలో దేవతగా వరాలిచ్చింది, వారం తిరక్కుండా రాక్షసిగా వచ్చి ఆ వరాలు లాక్కుంది. ముప్పై ఏళ్ళు నిండకముందే తనకంటే పెద్దవాళ్ళయిన హీరోలకు తల్లయింది. ఇక చచ్చిపోవడంలో అయితే పరిశ్రమలోనే ఆమెకు పేరు. కెమెరా ఎంతసేపు తిరిగినా పొట్ట కదిలేది కాదు.

సినిమాల్లోకి ఆమె ఎవరినీ వెతుక్కుంటూ వెళ్ళలేదు. నాగర్‌కర్నూలు దగ్గర పల్లె వాళ్ళది. వానలు లేని ఏడు ఊరుఊరంతా మట్టిపనికి వలసపోతే, హైదరాబాదులో కొత్తగా కడుతున్న ఒక స్టూడియోలో తల్లీ కూతుళ్ళిద్దరికీ తట్టలు మోసే పని దొరికింది. పక్క ఫ్లోరులో కూలివాళ్ళ గుంపు కావలసి వచ్చి, నిజమైన కూలివాళ్ళనే నిలబెట్టారు. గుంపులో ఒక పిల్ల ఎండకు కళ్ళు చికిలించి చూసిన చూపు డైరెక్టరుకు నచ్చింది. మర్నాడు ఆ పిల్లకు రెండు ముక్కల మాట ఇచ్చారు. నోరు తెరవగానే ఆ పాలమూరు యాసకు సెట్టంతా గొల్లున నవ్వింది. చూపు బాగుంది గానీ మాట పనికిరాదన్నారు.

ఆ రోజునుంచీ చూపు ఆమెదీ, మాట వేరొకరిదీ.

తెనాలివైపు నుంచి వచ్చిన గీత అనే ఆవిడ చాలా ఏళ్ళు బాలమణికి గొంతిచ్చింది. గీత గొంతు తన పెదవులకు అతికినట్టు కుదరాలని బాలమణి సెట్లో ఆ వైపు మాట ఉన్నదున్నట్టుగా నేర్చుకుంది. "యాక్షన్" అని వినబడగానే నాలుక దానంతటదే అటు తిరిగిపోయేది. "మీరు అక్కడ నటిస్తుంటే మాట నా నోట్లోకి తనే వచ్చేస్తుందండీ" అంది గీత ఒకసారి చెయ్యి పట్టుకుని. మంచి మనిషి. ఆమె పోయినప్పుడు బాలమణి వెళ్ళి, శవం పక్కన ఏడవడం కూడా చేతకాక కూర్చుంది. తన గొంతునే ఎవరో తీసుకుపోతున్నట్టనిపించిందా రోజు.

అభిమానులతోనూ తంటానే. పాత రోజుల్లో ఇంటికి ఫోను చేసి, ఈమె పలకగానే, "నువ్వు కాదమ్మా, బాలమణిగారికివ్వు" అనేవాళ్ళు. మొన్నామధ్య వనపర్తిలో ఒక పెళ్ళిలో నలుగురూ చుట్టూ చేరి ఒక్క డైలాగు చెప్పమని అడిగారు. చెప్పింది. విన్నవాళ్ళ ముఖాలు ఎలా పడిపోయాయో ఆమె చూసింది. తర్వాత పెరుగన్నం కూడా తినకుండా వచ్చేసింది.

అయితే ఇవేవీ ఆమెను పొడిచేవి కావు. పొడిచేది అవ్వ మాట ఒక్కటే. వాళ్ళ ఇంట్లో తల్లిని అవ్వా అనే పిలుస్తారు. మొదటి సినిమా నాగర్‌కర్నూలు టాకీసుకు వచ్చినప్పుడు బాలమణి అవ్వను వెంటబెట్టుకుని వెళ్ళింది. అవ్వ నేలమీద కూర్చుని సినిమా అంతా చూసింది.

"బొమ్మ నీదే బిడ్డా," అంది బయటికి వచ్చాక. "మాట నీది గాదు. నిన్ను కూసోవెట్టి ఇంకెవర్నో మాట్లాడిపిచ్చిండ్రు. నీ నోటితోని ఒక్కపారన్న మాట్లాడు, అప్పుడొస్త నేను."

ఆమె మళ్ళీ టాకీసుకు రాలేదు. కూతురు దేవతైనా రాలేదు, జడ్జి అయినా రాలేదు. అలాగే పోయింది. మధ్యలో ఒక్కసారి అవకాశం వచ్చింది. నీ మాటతోనే చెయ్యి అంటే సంబరపడి వెళ్ళింది బాలమణి. తీరా చూస్తే చెప్పుదెబ్బలు తినే పనిమనిషి వేషం. ఇంకా మోటుగా, ఇంకా మోటుగా అని డైరెక్టరు అరిచాడు. రెండో రోజు ఆమె పోలేదు.

ఇప్పుడు కాలం తిరిగింది. పాలమూరు మాట సినిమాల్లో వినబడుతోంది. గద్వాలలో పుట్టి పెరిగిన నిఖత్ అనే అమ్మాయి తన మొదటి సినిమా తీస్తూ, వలస కూలీ తల్లి వేషానికి బాలమణిని వెతుక్కుంటూ వచ్చింది. డబ్బింగు ఉండదట. మాట్లాడింది మాట్లాడినట్టు అక్కడికక్కడే పట్టేస్తారట. ఆ రాత్రి బాలమణికి నిద్ర పట్టలేదు. అవ్వ లేదు గానీ, అవ్వ అడిగింది మాత్రం ఇంకా తనమీద బాకీగా అలాగే ఉందనుకుంది.

కారు పెబ్బేరు దాటి, బీచుపల్లి దగ్గర కృష్ణ దాటి, గద్వాల మీదుగా అయిజ దారి పట్టింది. దారిలో ఒక పల్లెలో మౌలాబీ అనే ఆవిడ ఇల్లు షూటింగుకు తీసుకున్నారు. మట్టిగోడల వంటసాల, కట్టెలపొయ్యి, ముందు చిన్న వాకిలి. కొడుకు పనినుంచి ఆలస్యంగా వస్తాడు, తల్లి రొట్టె పెడుతుంది. సన్నివేశం అంతే. ఇవాళ తల్లివైపు తీస్తారు, కొడుకు కూర్చుని ఆ రొట్టె తుంచుకునేది రేపు పొద్దున.

సౌండు చూసే దానియేలు అయిజ అతను. బట్టతల, నిమ్మళమైన చేతులు. చిన్న మైకు తెచ్చి బాలమణి చేతికిచ్చి, కొంగు లోపలివైపు ఎలా తగిలించుకోవాలో చూపించాడు.

"ఊపిరి తీసినా నాకినవడ్తది పెద్దమ్మా. మీరు గట్టిగ అనక్కర్లే."

పళ్ళెంలో టౌనునుంచి తెచ్చిన జొన్నరొట్టెలు దొంతరగా పెట్టారు. బాలమణి పొయ్యి ముందు కూర్చుంది. వాకిట్లో అందరూ నోళ్ళు మూశారు. చెప్పవలసింది చిన్న మాట. యాడికి వోయినవ్ కొడుకా, పొద్దుగూకింది, కూసో, తిను.

"యాక్షన్" అంది నిఖత్.

బాలమణి తలెత్తింది. కళ్ళలో ఆకలీ ఎదురుచూపూ నిండాయి. నోరు తెరిచింది. "ఎక్కడికి వెళ్ళావు నాయనా? పొద్దుపోయింది. కూర్చో, తిను."

ఒక్క క్షణం ఎవరికీ అర్థం కాలేదు. తర్వాత ఎవరో కిసుక్కున నవ్వారు. బాలమణి నాలుక కరుచుకుంది. "అయ్యో, ఏందిది! మల్ల చెప్త బిడ్డా."

మళ్ళీ చెప్పింది. ఈసారి "యాడికి" అని మొదలై "వెళ్ళావు" దగ్గర తేలింది. ఆ పైన చెప్పినదానిలో నాయనా మళ్ళీ వచ్చి కూర్చుంది. నటనకు ఎవరూ వంక పెట్టలేకపోతున్నారు, మాటే తెనాలి దాటి రావడం లేదు. చెమట పట్టింది. పళ్ళు బిగబట్టి, ఈసారి ఎలాగైనా అనాలని బలవంతాన యాస తెచ్చి అంది. మాటలు వంకర్లుపోయి, పనిమనిషి వేషంలో ఆ డైరెక్టరు అడిగిన మోటు గొంతే వచ్చింది.

నిఖత్ దగ్గరికి వచ్చి మోకాళ్ళమీద కూర్చుంది. "అమ్మా, మనోళ్ళు గట్ల మాట్లాడరు గదా. గది సినిమావోళ్ళు మాట్లాడే మన మాట."

ఆ మాట బాలమణికి చెంపమీద కొట్టినట్టే తగిలింది. అమ్మాయి తప్పేమీ లేదు, ఉన్నదే అంది. దూరంగా మేనేజరు వెంకట్రాములు నిఖత్‌ను పక్కకు పిలిచాడు. గొంతు తగ్గించే అన్నాడు గానీ వాకిలి చిన్నది.

"ఊకె పరేషాన్ ఎందుకు మేడం? ముఖం మస్తుగొచ్చింది. గొంతు హైదరాబాద్ల ఎవరితోనన్న చెప్పిద్దాం."

నిఖత్ నేలవైపు చూసింది. "వెలుగున్నంతసేపు ఇంకొకటి సూస్తనన్నా. కాకుంటే నువ్వన్నట్లే చేద్దాం."

బాలమణి కదలకుండా పొయ్యి దగ్గరే ఉండిపోయింది. నటిగా ఇన్నేళ్ళలో ఎన్నో సిగ్గులు మింగింది గానీ ఇది దిగడం లేదు. ఇంట్లో సరితతో లొడలొడా మాట్లాడే నోరు, వీధిలో కూరగాయలామెతో బేరాలాడే నోరు, ఇక్కడెందుకు తిరగబడిందో తెలియడం లేదు. అవ్వ ఉంటే నవ్వేది కూడా కాదు. లేచి ఇంటికి పోయేది.

అంతలో మౌలాబీ వచ్చి తలుపుకానుకుని నిలబడింది. "ఏమనుకోకక్కా. మీ పని అయితే నా పొయ్యి నాకిస్తరా? మా ఇంటాయన నబీ సాబ్ పొద్దటి సంది చాయ్ మీదనే ఉన్నడు. చక్కెర బీమారి మనిషి."

"అయ్యో, జెప్పరాదు మరి!" బాలమణి గబుక్కున సర్దుకుని కూర్చుంది. "పిండి తేపో చెల్లె. నేనే చేస్త, గెంతసేపు!"

వేడినీళ్ళు పోసి పిండి కలిపింది. అరచేత్తో నొక్కినొక్కి పిసికింది. ముద్ద చేసి పీటమీద వేసి, ఒక చేత్తో తిప్పుతూ ఇంకో చేత్తో చరచసాగింది. టపటపమని చప్పుడు వాకిట్లోకి పోయింది. రొట్టె పెనంమీద వేసి పైన నీళ్ళు రాసింది, తిప్పి, చివర పొయ్యి అంచుకు ఆనించి నిప్పు సెగ చూపింది. మట్టిపనుల దగ్గర గుడిసెల్లో మూడు రాళ్ళ పొయ్యి మీద అవ్వ నేర్పిన పని ఇది.

"మంచిగ పొంగింది గదా," అంది మౌలాబీ.

"మా అవ్వ సేతిది సూడాలె నువ్వు. గిదేం పొంగుడు? మేము నిద్రవోతె లేపి మరీ పెట్టేది. నిలవడి తింటె ఊకునేది గాదు. కూసొని తిను బిడ్డా, నీకోసమే పొయ్యి ఆర్పలే అనేది."

వాకిట్లో దానియేలు చెవులమీది హెడ్‌ఫోను రెండు చేతులతో అదుముకున్నాడు. మైకు ఆమె కొంగుకే ఉంది. అతను హెడ్‌ఫోను తీసి నిఖత్ చెవులకు పెట్టాడు. నిఖత్ విన్నంతసేపూ విని, వంటసాలలోకి వచ్చింది.

"అమ్మా, నాకు గావాల్సింది గిదే. గిప్పుడు మీరు మాట్లాడిందే."

బాలమణి చెయ్యి పీటమీద ఆగిపోయింది. పిండి అంటిన వేళ్ళవైపు చూసుకుంది, తర్వాత అమ్మాయి ముఖంలోకి చూసింది. మెల్లగా అర్థమైంది.

"నువ్వు ఆ మాట అనకు బిడ్డా. యాక్షన్ అనకు. అది ఇనవడంగనే నేను నేను గాను, గీతనైత. ఆ తెచ్చిన రొట్టెలు తీసెయ్యి, నేను చేసుకుంట కూసుంట. ఈ ముద్ద పీట మీద ఏసినంక మీ కెమెర సురు చేసుకోండ్రి. నాకు సెప్పకుండ్రి."

నబీ సాబ్‌కు రెండు రొట్టెలూ కూరా వెళ్ళిపోయాయి. వెలుగు పసుపురంగుకు తిరిగింది. అందరూ సైగలతోనే సర్దుకున్నారు. బాలమణి ముద్ద పీటమీద వేసింది. కెమెరా నడుస్తున్నదని ఆమెకు తెలియదా? బాగా తెలుసు. ఇన్నేళ్ళ మనిషికి వీపుకు కూడా తెలుస్తుంది. కానీ చేతులు పనిలో ఉన్నాయి, నాలుక చేతుల వెంట పోతోంది. రొట్టె చరచింది, పెనం మీద వేసింది, తిప్పింది. తీసి పళ్ళెంలో పెట్టి, ఇంకా పచ్చిగా ఉందేమోనని నాలుగు వేళ్ళతో నొక్కి చూసింది. అప్పుడు తలెత్తి ఖాళీ గుమ్మంవైపు చూసి అంది.

"ఒచ్చినవా? యాడికి వోయినవ్ కొడుకా గింత పొద్దు? నిలవడకు. కూసో. నీకోసమే పొయ్యి ఆర్పలే. తిను బిడ్డా."

రాసిన మాటల్లో సగం లేవు, లేనివి సగం వచ్చాయి. నిఖత్ "కట్" అనడం మరిచిపోయింది. బాలమణే కొంగుతో ముఖం తుడుచుకుని, "అయిందా? మల్ల జెయ్యాల్నా?" అని అడిగింది. వెంకట్రాములు ముక్కు చీదుకుంటూ అవతలికి పోయాడు. ఒద్దమ్మా అని తల అడ్డంగా ఊపింది నిఖత్.

దానియేలు ఆమెకు వినిపించాడు. హెడ్‌ఫోను పెద్దదై జారిపోతుంటే ఆమె రెండు చేతులతో పట్టుకుంది. మొదట పొయ్యి చిటపటలు, చరచిన చప్పుడు, తర్వాత మాట. ఆమె ముఖంలో రంగు మారింది. ఇన్నేళ్ళ నటనలో అలాంటి ముఖం ఆమె ఏ కెమెరాకూ ఇవ్వలేదు.

"గిది నేను గాదు, దానియేలూ. గిది మా అవ్వ."

"మీరే పెద్దమ్మా."

"అట్లనే గానీ బిడ్డా, ఇంకోపారి పెట్టు."

అతను మళ్ళీ పెట్టాడు.

తిరుగుదారిలో కారు వెనకసీట్లో కూర్చుని సరితకు ఫోను చేసింది. "మాట్లాడిన బిడ్డా. నా నోటితోనే మాట్లాడిన."

"ఏదీ, ఒకసారి చెప్పు వింట."

"ఫోన్ల గాదు. టాకీస్ల ఇను. మా అవ్వ లెక్క టికెట్టు కొనుక్కొని, కూసొని ఇను." అలా అని నవ్వింది. ఆ నవ్వు చాలాసేపు ఉంది. కృష్ణమీద వంతెన ఎక్కగానే అద్దం దించమని డ్రైవరు అబ్రహాంతో చెప్పింది. నది నిండుగా ఉంది. గాలికి చెదిరిన జుట్టు సర్దుకోకుండా తల వెనక్కి వాల్చింది. పెబ్బేరులో చాయ్ తాగుతారా అమ్మా అని అబ్రహాం అడిగాడు. జవాబు రాకపోతే అలిసిపోయి నిద్రపోయిందనుకుని, గుంతలు తప్పించుకుంటూ నెమ్మదిగా నడిపాడు.

ఇంటిముందు కారు ఆగింది. సరిత వచ్చి తలుపు తీసింది. పెద్దమ్మ అలాగే కూర్చుని ఉంది. సరిత చిన్నప్పుడు పిల్లల్ని ఏడిపించడానికి ఈవిడ ఇలాగే ఊపిరి బిగబట్టి కదలకుండా ఉండేది, చివరికి పకపకా నవ్వేది. అందుకే సరిత మొదట నవ్వింది. "చాలు లే పెద్దమ్మా" అంటూ చెయ్యి పట్టుకుంది. చెయ్యి చల్లగా ఉంది.

మర్నాడు పొద్దున అయిజ దారిలోని ఆ ఇంట్లో ఎవరూ గట్టిగా మాట్లాడలేదు. వెంకట్రాములు వనపర్తికి బయల్దేరడానికి బండ్లు మాట్లాడుతున్నాడు. దానియేలు వాకిట్లో ఒక మూల హెడ్‌ఫోను పెట్టుకుని కూర్చున్నాడు. మౌలాబీ పొయ్యి వెలిగించలేదు. నిఖత్ వంటసాలలోకి ఒక్కతే వెళ్ళింది. ఈరోజు తీయాల్సిన షాటుకు నిన్నటి రొట్టే కావాలని, తను చెప్పినట్టే ఎవరో దాన్ని తడిగుడ్డ కప్పి జాగ్రత్తగా దాచారు. నిఖత్ తడిగుడ్డ తీసింది.

పళ్ళెంలో జొన్నరొట్టె ఉంది, అంచు కాస్త మాడి, మధ్యలో నాలుగు వేళ్ళ గుర్తులతో.